నడుం మీద తెచ్చుకున్న స్టే

హనుమత్ప్రసాద్ గారు టీ కప్పు చేతిలోకి తీసుకుని, ఒక్క గుక్కయినా తాగకుండా పక్కన పెట్టారంటే ఆ టీ ఇక చల్లారిపోయినట్టే. ముప్ఫయ్యేళ్ళ కాపురంలో కోటేశ్వరి గారు అలా చల్లారిన టీలు ఎన్ని పారబోశారో ఆవిడకే లెక్క తెలీదు. అందుకే ఆ ఆదివారం మధ్యాహ్నం, ఐర్లండ్‌లో కార్క్ నగరం పక్కనున్న బాలింకాలిగ్‌లో, బుచ్చిబాబు గారింటి పెరట్లో, ఆయన కప్పు తీసి చెక్కబల్ల మీద ఓ మూలకి జరపగానే ఆవిడకి గుండెల్లో రాయి పడింది.

మామూలుగా అయితే పడేది కాదు. ఆయన కోతలు కొయ్యడం, వినేవాళ్ళు వినడం, ఆవిడ మిరపకాయ బజ్జీలు అందించడం ఎప్పుడూ ఉన్నదే. ఈసారి మాత్రం లాయరు గారు ఫోన్‌లో మూడుసార్లు చెప్పారు. మంగళవారం వాయిదా ఉంది, అప్పటిదాకా మీరెక్కడున్నారో గాలిక్కూడా తెలియకూడదు, మీ ఫొటో ఒక్కటి కూడా ఎక్కడా కనపడకూడదు అని. ఆయన మూడుసార్లూ సరేనన్నారు. కోటేశ్వరి గారు మూడుసార్లూ నమ్మలేదు.

సంగతేమిటంటే, ఆయన తణుకులో కాలవల శాఖ ఆఫీసులో సూపరింటెండెంటు. ఇంకా రెండేళ్ళ సర్వీసుంది. మొన్న జూన్‌లో బదిలీల మీద నిషేధం ఎత్తేశారు, అయిదేళ్ళు దాటినవాళ్ళు కదలాలన్నారు. ఈయన అదే కుర్చీలో పదకొండేళ్ళ నుంచీ ఉన్నారు. చింతూరు వేశారు. మన్యం, కొండలు, అయిదారు గంటల బస్సు. వెంటనే ఈయన మెడికల్ లీవు పెట్టి హైకోర్టుకి వెళ్ళారు. అర్జీదారుకి వెన్నెముకలో డిస్కు జారిందనీ, ఒక్కచోట ఇరవై నిమిషాలకి మించి కూర్చోలేడనీ, ఏ వాహనం మీదైనా పది కిలోమీటర్లు దాటి ప్రయాణం చెయ్యలేడనీ, మంచం దిగకూడదనీ ప్రమాణపత్రం దాఖలైంది. కోర్టు జాలిపడి, వచ్చే వాయిదాదాకా ఆయన్ని ఆ సీట్లోంచి రిలీవ్ చెయ్యొద్దంది.

ఆ మంచం దిగకూడని మనిషి ఆ వారంలోనే రెండు విమానాలు మారి, ఆపైన డబ్లిన్ నుంచి మూడు గంటలు బస్సులో కూర్చుని, బాలింకాలిగ్‌లో కూతురు సుధేష్ణ ఇంటికొచ్చి దిగారు. టికెట్లు మార్చిలోనే కొన్నారు మరి, వదులుకుంటారా. సర్కారు ఉద్యోగి దేశం దాటాలంటే అనుమతి కావాలి. ఆ అనుమతీ అడగలేదు. మంచంలో ఉన్నవాడు విదేశానికి అనుమతి ఎలా అడుగుతాడు? వచ్చిన నెల్లాళ్ళలో కూతురి పెరట్లో గడ్డి రెండుసార్లు కోశారు.

ఇదంతా ఒక ఎత్తు. పుష్పవతి గారి ఫోన్ ఒక ఎత్తు. ఈయన లేస్తే ఆ సీట్లోకి రావలసిన మనిషి ఆవిడ. ఆరేళ్ళుగా చింతూరులో పనిచేస్తోంది. భర్త తణుకులో ఉంటాడు, కిడ్నీలు పాడయ్యాయి, వారానికి మూడు రోజులు డయాలసిస్‌కి పక్కింటివాళ్ళ ఆటోలో ఒక్కడే వెళ్తాడు. ఆవిడకి తణుకు వేస్తూ ఆర్డరు వచ్చింది, ఈయన స్టేతో అది అక్కడే ఆగింది. హైదరాబాద్ విమానాశ్రయంలో సామాను తూకం వేయించుకుంటుండగా ఆవిడ కోటేశ్వరి గారికి ఫోన్ చేసింది. "అమ్మా, సార్ నిజంగా లేవలేకపోతుంటే నేనేమీ అనను. ఇంకో ఏడాది ఆగుతాను. నిజమేనా, ఆ ఒక్క మాట చెప్పండి," అంది.

ఆ నిమిషంలో హనుమత్ప్రసాద్ గారు పచ్చళ్ళ సూట్‌కేసు రెండు చేతులా ఎత్తి తూకం మీద పడేసి, అర కిలోకే ఇంత రాద్ధాంతమా అని కౌంటర్లో అమ్మాయితో దెబ్బలాడుతున్నారు. కోటేశ్వరి గారు ఆయన్ని చూస్తూ, "మంచం దిగడం లేదమ్మా," అన్నారు.

ఆ మాట అన్న దగ్గర్నుంచీ ఆవిడకి అన్నం సయించడం లేదు. ఆవిడ అబద్ధాలాడనిదేం కాదు. ఆయనతో కాపురం చేస్తూ ఆడకుండా కుదరదు. కానీ అవన్నీ ఆయన గొప్పకి వంతపాడే అబద్ధాలు, ఎవరి నోటి దగ్గర కూడూ తీసినవి కావు.

సరే, ఇప్పుడు బుచ్చిబాబు గారి పెరడు. ఆయన ఆ ఊళ్ళో పద్దెనిమిదేళ్ళుగా ఉంటున్న సాఫ్ట్‌వేర్ మనిషి, ఎవరేం చెప్పినా అక్కడివాళ్ళలా గ్రాండ్ అనడం అలవాటు. ఆ వేళ చుట్టపుచూపుగా కాజిల్‌బార్ నుంచి అపర్ణ వచ్చింది. అక్కడ ఆసుపత్రిలో ఫిజియోథెరపిస్టు. వెంట వాళ్ళ నాన్న రాఘవులు గారిని తీసుకొచ్చింది. ఆయన సిరిసిల్ల వైపు హెడ్‌మాస్టరుగా చేసి రిటైరయ్యారు, తక్కువ మాట్లాడతారు. సుధేష్ణ అమ్మానాన్నల్ని దింపేసి పిల్లల్ని ఈతకి తీసుకెళ్ళింది. వాన కాసేపు తెరిపిచ్చింది. బజ్జీలు వేడిగా ఉన్నాయి. అంతా సవ్యంగానే ఉండగా రాఘవులు గారు, పాపం తెలీక, ఊళ్ళో తన తమ్ముడి కొడుక్కి ట్రాన్స్‌ఫర్ అయిందనీ, పోరడు ఆఫీసుల చుట్టూ తిరిగి పరేషాన్ అవుతున్నాడనీ అన్నారు.

టీ కప్పు పక్కకి జరిగింది అప్పుడే.

"మాస్టారూ, ట్రాన్స్‌ఫర్ ఆర్డరంటే ఏంటనుకున్నారండి? కాయితం. అది మన చేతిలో పడితేనే కదండీ ఆర్డరు? చేతిలో పడి సంతకం పెట్టామా, రిలీవ్ అయిపోయినట్టే, ఆ తర్వాత కోర్టుకెళ్తే, అయిపోయినదానికి స్టే ఏంటయ్యా అంటారు. అంచేత తెలివైనోడు ముందు చేసే పనేంటండి? కాయితం పుచ్చుకోకపోవడం. నేనదే చేశాను. పెద్ద గొప్పేం కాదులెండి."

ఇంతవరకూ నిజమే, కోటేశ్వరి గారు కూడా ఒప్పుకుంటారు. అటెండరు కాయితం పట్టుకుని ఇంటికొస్తే ఈయన స్నానాలగదిలో దూరి గడియ పెట్టుకున్నారు. ముప్పావుగంట కూర్చున్నారు. అటెండరు కాఫీ తాగి, పేపరు చదివి, మళ్ళీ వస్తానమ్మా అని వెళ్ళిపోయాడు. వెన్నలాంటి మనిషి, గట్టిగా తలుపైనా కొట్టలేదు.

ఇప్పుడు బాలింకాలిగ్‌లో ఆ అటెండరు ఆరుగురయ్యారు. ముందు గుమ్మంలో ముగ్గురు, వెనక గుమ్మంలో ముగ్గురు, వాళ్ళ వెనకాల జీపులో పెద్ద ఇంజనీరు ఈఈ గారు స్వయంగా. హనుమత్ప్రసాద్ గారు స్నానాలగది వెంటిలేటర్లోంచి బయటికొచ్చారట. ఆ వెంటిలేటరు ఎంతుంటుందో కోటేశ్వరి గారికి తెలుసు, దాన్లోంచి పిల్లి రావాలన్నా ఆలోచించుకుంటుంది. బయటికొచ్చి చూస్తే ఎదురుగా ప్రహరీగోడ ఉందట.

"ఎంతెత్తు సారూ?" అన్నారు రాఘవులు గారు.

"ఆరడుగులండి."

"దుంకిన్రా?"

"దూకడమా? అది దూకడమంటే దానికి అవమానమండి. బుచ్చిబాబూ, ఆ బల్ల ఇలా లాగు. ఇదే గోడనుకోండి. ఎనిమిదడుగుల గోడ."

కోటేశ్వరి గారు ఆయన చొక్కా అంచు పట్టుకుని, "ఏవండీ, నడుం," అన్నారు మెల్లిగా. లాయరు గారి మాట గుర్తుచెయ్యడానికి ఆవిడకి దొరికిన దారి అదొక్కటే. ఆయన రొమ్ము విరుచుకుని, నా నడుం ఉక్కే, దానికేంటన్నారు. అని, రెండంగలు వెనక్కి వేసి, అరవయ్యేళ్ళ మనిషి లుంగీ ఎగ్గట్టుకుని చెక్కబల్ల మీంచి ఇటు నుంచి అటు దూకారు. తడి గడ్డి మీద జారారు కానీ పడలేదు. అది మాత్రం మెచ్చుకోవాలి.

బుచ్చిబాబు గారు గ్రాండ్ అంకుల్ అంటూ ఫోన్ తీశారు. సగమే పడింది, ఇంకోసారి దూకితే కార్క్ తెలుగువాళ్ళ గ్రూపులో పెడతానన్నారు. ఎవరైనా పడుకున్న పాముని కర్రతో లేపుతారా? ఈయన లేపారు. హనుమత్ప్రసాద్ గారు జుట్టు దువ్వుకుని, ఫోన్‌కేసి తిరిగి, తన పేరూ, హోదా, ఆఫీసూ, ఈవేళ తారీకూ, బాలింకాలిగ్ నుంచి మాట్లాడుతున్న సంగతీ వరసగా చెప్పి, రెండోసారి దూకారు. ఈసారి గోడ పదడుగులైంది, దాని మీద గాజుపెంకులు కూడా మొలిచాయి.

కోటేశ్వరి గారు బజ్జీల పళ్ళెం కింద పెట్టేశారు. వీడియో గ్రూపులో ఇప్పుడే పెట్టకండి, మా అమ్మాయికి చూపించి పెడదామని బుచ్చిబాబు గారిని బతిమాలారు. ఆయన సరే ఆంటీ అని ఫోన్ జేబులో వేసుకున్నారు.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా?" అన్నారు హనుమత్ప్రసాద్ గారు. ఎవరూ అడగలేదు. అడగాల్సిన అవసరం ఆయనకెప్పుడూ రాలేదు.

ఆ తర్వాత కోర్టు. లాయరు గారు హాల్లోకి అడుగుపెట్టగానే అవతలి పక్షాన కూర్చున్న ప్రభుత్వ ప్లీడర్లని చూసి నోట మాట రాక నిలబడిపోయారట. పదిహేనుమంది ప్లీడర్లు, ఒక్క సూపరింటెండెంటు కోసం. అప్పుడు వెనక బెంచీలోంచి ఈయన లేచి నిలబడి, ప్రభూ, నా కేసు నేనే వాదించుకుంటానన్నారట. నాలుగు గంటలు నిలబడి వాదించారట. నీళ్ళైనా తాగలేదట. అవతలి పెద్ద ప్లీడరు నోరెండిపోయి దగ్గుతుంటే, ఈయనే తన సీసా ఇచ్చి తాగమన్నారట.

కోటేశ్వరి గారికి తెలిసినంతలో ఆ రోజు ఆయన కోర్టుకే వెళ్ళలేదు. మంచం దిగకూడని మనిషి కోర్టుకెలా వెళ్తాడు? ఇంట్లో టీవీ ముందు కూర్చుని జంతికలు తింటూ లాయరు గుమాస్తా ఫోన్ కోసం చూశారు.

"జడ్జీ గారు కళ్ళజోడు తీసి నాకేసి చూసి, నువ్వు లేకపోతే ఆ ఆఫీసుకి ఏమవుతుందయ్యా అన్నారండి. ఆఫీసు సంగతి వదిలెయ్యండి ప్రభూ, నేను లేకపోతే కాలవలో నీళ్ళు పారవన్నాను. పదిహేనుమంది ప్లీడర్లూ ఒక్కసారి నవ్వారు. జడ్జీ గారు నవ్వలేదండి. పరీక్ష చేద్దాం, నువ్వో అయిదు నిమిషాలు బయట నిలబడన్నారు. నిలబడ్డాను. రెండో నిమిషం అవ్వలేదు, తణుకు నుంచి ఫోన్లండి. కాలవ ఆగిపోయింది. ఎండిపోవడం కాదండోయ్, పారుతున్న నీళ్ళు పారుతున్నట్టే నిలబడిపోయాయి. బాతులు ఎటెళ్ళాలో తెలీక అక్కడే ఉండిపోయాయట. మూడో నిమిషానికి రైతులు రోడ్డెక్కారు. నాలుగో నిమిషానికి జడ్జీ గారే లేచి గుమ్మందాకా వచ్చి, లోపలికి రా నాయనా అన్నారు. నేనిటు అడుగేశాను, అటు నీళ్ళు కదిలాయి."

"ఏ కాల్వ సారూ?" అన్నారు రాఘవులు గారు.

"అన్నీనండి."

"గోదావరి గూడానా?"

"గోదావరికి అయిదు నిమిషాలు సరిపోలేదండి. ఇంకో రెండు నిమిషాలుంటే అదీ ఆగును."

రాఘవులు గారు తలూపి ఇంకో బజ్జీ తీసుకున్నారు. అలాంటి శ్రోత దొరికితే ఆపడం ఎవరి తరం? అసలు ఉత్తర్వులో ఏముందో కూడా చెప్పారు. రెండు వందల నలభై పేజీలట. టైపు చేస్తున్నాయనకి కాయితాలైపోతే పక్క కోర్టుల్లోంచి అరువు తెచ్చారట. చివరి పేజీలో తేల్చిందేమిటంటే, ఈయన్ని తణుకు నుంచి బదిలీ చెయ్యాలంటే ముందు తణుకుని బదిలీ చెయ్యాలట. ఊళ్ళో బస్టాండు, చక్కెర ఫ్యాక్టరీ, జనం, అన్నీ చింతూరు పంపించి, ఆఖర్న ఈయన్ని పంపాలట. అంత ఖర్చు పెట్టుకోలేక ప్రభుత్వం చేతులెత్తేసిందట.

"మరి ఈ దేశంల గిసుంటి కోర్టులుంటయా?" అన్నారు రాఘవులు గారు. ఆయన నవ్వడం లేదు, ఎగతాళీ కనపడనివ్వడం లేదు. పాతికేళ్ళు పిల్లల చేత హోంవర్కు గురించి సాకులు చెప్పించుకున్న మనిషి.

ఉండకపోవడమేంటండి, మా అమ్మాయి ఎదురింట్లో అబిగేయిల్ అని ఒకావిడుంది అని హనుమత్ప్రసాద్ గారు మళ్ళీ ఎత్తుకున్నారు. ఆవిడా సర్కారు ఉద్యోగే. కార్క్ నుంచి కాజిల్‌బార్‌కి వేశారట. ఆవిడ ఈయన కాళ్ళ మీద పడిందట. ఈయన డబ్లిన్ వెళ్ళి, లువాస్ అనే ట్రాము ఎక్కి, కిటికీ పక్కన కూర్చుని, సూపర్‌మార్కెట్ బిల్లు వెనకాల పిటిషన్ రాశారట. పై స్టాపు వచ్చేసరికి రాయడం అయింది, ఆ పై స్టాపులో దాఖలైంది, మూడో స్టాపులో స్టే వచ్చింది. టికెట్ తనిఖీకి వచ్చినాయన ఆ బిల్లు చూసి టోపీ తీశాడట. కోర్టు దగ్గర గార్డులు, అంటే ఇక్కడి పోలీసులు, రెండు వరసల్లో నిలబడి దారిచ్చారట. ఇక్కడి జడ్జీ నెత్తిన తెల్లజుట్టు టోపీ ఉంటుంది కదా, అది తీసి ఈయన నెత్తిన పెట్టి, మాకు ఇలాంటి మనిషి లేక ఇన్నాళ్ళూ ఉద్యోగుల్ని ఇష్టమొచ్చినట్టు తిప్పుతున్నామన్నారట. ఇక మీదట ఈ దేశంలో ఎవరికి ట్రాన్స్‌ఫర్ వెయ్యాలన్నా ముందు కాయితం బాలింకాలిగ్ రావాలట, ఈయన సంతకం పెట్టాలట.

అబిగేయిల్ సంగతి కోటేశ్వరి గారికి బాగా తెలుసు. వాళ్ళమ్మ కాజిల్‌బార్‌లో ఒంటరిగా ఉంటుందని ఆవిడే అడిగి వేయించుకుంది. నాలుగేళ్ళు దరఖాస్తులు పెట్టుకుంటే ఇప్పటికి వచ్చింది. పోయిన బుధవారం వ్యానులో సామాను ఎక్కించుకుని వెళ్ళిపోయింది. వెళ్తూ కోటేశ్వరి గారిని కావలించుకుంటే, ఈవిడ అలమారలోంచి పూతరేకుల పెట్టె తీసి చేతిలో పెట్టారు. వచ్చిన కాయితాన్ని ఆవిడ ఎంత సంబరంగా చూపించిందో గుర్తొచ్చి, కోటేశ్వరి గారికి చింతూరులో ఇంకో మనిషి చేతిలో అలాగే ఉన్న కాయితం గుర్తొచ్చింది. ఆ కాయితాన్ని పట్టుకుని ఆవిడ నెల్లాళ్ళుగా ఎక్కడికీ వెళ్ళలేకుండా ఉంది.

అపర్ణ ఇంతసేపూ బజ్జీలు తింటూ వింటోంది. ఇప్పుడు చెయ్యి తుడుచుకుంటూ అడిగింది. "అంకుల్, అసలు మీకు స్టే ఏ కారణం మీద ఇచ్చిన్రు?"

గోడల గురించో కాలవల గురించో చెప్పి ఊరుకోవచ్చు. కానీ ఆయన వల్ల కాలేదు. ఎందుకంటే ఆ మెడికల్ సర్టిఫికెట్ ఆయన దృష్టిలో ఆయన చేసిన పనులన్నిటికన్నా గొప్పది, దాన్ని దాచుకుంటే కడుపు ఉబ్బిపోతుంది.

"నడుం మీదండి. ఎల్ ఫోర్, ఎల్ ఫైవ్. అలాంటి సర్టిఫికెట్ రాష్ట్రంలో ఇంకోడికి లేదు. ఇరవై నిమిషాలు కూర్చోకూడదు, పది కిలోమీటర్లు కదలకూడదు, మంచం దిగకూడదు. రాస్తుంటే డాక్టరు గారికే కళ్ళంట నీళ్ళొచ్చాయండి."

అపర్ణ ఆయన్నీ, బల్లనీ, గడ్డి మీద జారిన గుర్తునీ ఒకసారి చూసింది.

"నా దగ్గరికి వచ్చేటోళ్ళు ఎల్ ఫోర్, ఎల్ ఫైవ్ వాళ్ళే అంకుల్. వంగి సాక్స్ వేసుకోలేరు. మీరు బెంచీ మీదికెల్లి దుంకిన్రు. రెండుసార్లు."

బుచ్చిబాబు గారు గ్రాండ్ అనబోయి మింగేశారు. హనుమత్ప్రసాద్ గారు టీ కప్పు వెతుక్కున్నారు.

"మరి సారూ, మీ సీట్లకు రావల్సినోళ్ళు ఎవరు?" అన్నారు రాఘవులు గారు. ఈసారి హెడ్‌మాస్టరు గొంతు అది.

"ఎవరో పుష్పవతి అనండి. చింతూరులో చేస్తుంది. వాళ్ళాయనకి ఏదో డయాలసిస్ అని చెప్తుంది. అందరూ చెప్పే కథలేనండీ ఇవి, కోర్టుకెళ్ళేటప్పటికి ప్రతివాడికీ ఓ రోగం పుట్టుకొస్తుంది."

ఈ మాట ఆయన నోట్లోంచి వచ్చింది. ఆయన నోట్లోంచే. కోటేశ్వరి గారికి ముందు నవ్వొచ్చింది, తర్వాత ఒళ్ళు మండింది, ఆ తర్వాత సిగ్గేసింది. ఆ సిగ్గు ఆయన గురించి కాదు, విమానాశ్రయంలో తను ఆడిన మాట గురించి. ఆవిడ కొంగు దోపుకుని, బుచ్చిబాబు గారికేసి తిరిగి, ఆ వీడియో నాకు పంపండి అన్నారు. అమ్మాయికి చూపించడానికే అనుకుని ఆయన పంపారు. ఆవిడ ఫోన్ టింగుమంది. ఆవిడ తెరిచి, ఒకసారి చూసుకుని, పుష్పవతి గారి పేరు వెతికి పట్టుకుని, ఫోన్ భర్తకి కనపడేలా పెట్టారు.

"లాయరు గారికి ఫోన్ చెయ్యండి. కేసు వెనక్కి తీసుకుంటున్నానని చెప్పండి. లేదంటే ఇది ఆవిడకి వెళ్తుంది."

ఆయన నవ్వారు. ఆవిడ నవ్వలేదు. ఆయన నవ్వు కాసేపు అక్కడే ఉండి, ఏం చెయ్యాలో తెలీక వెళ్ళిపోయింది.

"నీకు మతి పోయిందేంటే? ఇది బయటికొస్తే సస్పెండ్ చేస్తారు. రెండేళ్ళలో రిటైర్‌మెంటు పెట్టుకుని..."

"అందుకే మిమ్మల్ని అడుగుతున్నాను. అడక్కుండా పంపే మనిషినైతే ఈపాటికి పంపేదాన్ని. ఆవిడ నాకు ఫోన్ చేసింది. సార్ నిజంగా లేవలేకపోతే ఏడాది ఆగుతానంది. మీరు సూట్‌కేసు ఎత్తుతుంటే చూస్తూ, మంచం దిగడం లేదని చెప్పాను. నాకు నెల్లాళ్ళుగా ముద్ద దిగడం లేదండి."

ఆవిడ గొంతు పెంచలేదు. పెంచి ఉంటే ఆయన కూడా పెంచి ఏదో ఒకటి అనేవారు. ఆయన బుచ్చిబాబు గారికేసి చూస్తే ఆయన బజ్జీలో మిరపకాయ కోసం వెతుకుతున్నారు. రాఘవులు గారికేసి చూస్తే ఆయన నేరుగా ఈయన కళ్ళలోకే చూస్తున్నారు. పదిహేనుమంది ప్లీడర్లని నోరెత్తనివ్వని మనిషికి, కోర్టు గుమ్మందాకా జడ్జీని రప్పించిన మనిషికి, ఆ పెరట్లో తన పక్షాన వాదించేవాళ్ళు ఒక్కరూ దొరకలేదు.

ఇండియాలో అప్పుడు రాత్రి భోజనాల వేళ. లాయరు గారు రెండో రింగుకే ఎత్తారు. కోటేశ్వరి గారు స్పీకర్ పెట్టమన్నారు. పెట్టారు.

లాయరు గారు ముందు నమ్మలేదు. గెలిచే కేసు ఎందుకు వెనక్కి తీసుకుంటారు, నడుం సంగతేంటన్నారు. హనుమత్ప్రసాద్ గారు, నడుం తగ్గిందండీ అన్నారు. నెల్లాళ్ళకేనా అన్నారు లాయరు గారు. ఈయన అపర్ణకేసి ఒకసారి చూసి, ఇక్కడ మంచి వైద్యం దొరికిందండీ అన్నారు. జీవితంలో మొట్టమొదటిసారి ఆయన కథ మూడు ముక్కల్లో అయిపోయింది. మంగళవారం పిటిషన్ ఉపసంహరణకి మెమో వేస్తానని, పైగా ఇదే మీకు మంచిదనీ, లాయరు గారు కొంచెం తేలిగ్గా ఊపిరి పీల్చుకున్నట్టు చెప్పి పెట్టేశారు.

"ఇక ఆ వీడియో తీసెయ్యి," అన్నారాయన.

"చింతూరులో మీరు జాయిన్ అయ్యాక తీసేస్తాను. నేనూ వస్తాను లెండి. శబరి నది ఒడ్డున ఊరట, చూసినట్టుంటుంది."

ఆయన మళ్ళీ కప్పు వెతుక్కున్నారు. కప్పు దొరికింది, టీ చల్లగా ఉంది, అయినా తాగారు. తర్వాత ఎవరినీ చూడకుండా, "అక్కడ క్వార్టర్స్ ఉంటాయంటావా?" అన్నారు.

ఉంటయి అంకుల్, బస్సులో పోయేటప్పుడు మాత్రం ప్రతి ఇరవై నిమిషాలకి దిగి కొంచెం నడవుండ్రి, మీ సర్టిఫికెట్‌ల అట్లనే రాసుంది కదా అంది అపర్ణ. రాఘవులు గారు మొదటిసారి నవ్వారు. నవ్వి, తమ్ముడి కొడుక్కి ఇప్పుడేం చెప్పాలో తనకి అర్థమైందనీ, వెళ్ళి జాయిన్ అవ్వమని చెప్తాననీ అన్నారు.

కోటేశ్వరి గారు వాళ్ళ మాటలు వినడం లేదు. పెరట్లో ఓ పక్కకి వెళ్ళి, కంచె దగ్గర నిలబడి, పుష్పవతి గారికి ఫోన్ చేశారు. అవతల ఎత్తగానే వెనకాల బస్టాండు రొద వినిపించింది. ఆదివారం రాత్రి కదా, భర్తని చూసి మళ్ళీ చింతూరు బస్సు ఎక్కుతోందన్నమాట.

"పుష్పవతీ, నేనమ్మా, కోటేశ్వరిని. మావారు కేసు వెనక్కి తీసుకుంటున్నారు. నీ సీటుకి నువ్వు రావచ్చు."

ఆవిడ, నమ్మాలో వద్దో తెలీని గొంతుతో, "సార్ మంచం దిగారా అమ్మా? ఎప్పుడు దిగారు?" అంది.

కోటేశ్వరి గారు వెనక్కి తిరిగి చూశారు. ఆయన బల్లని మళ్ళీ యథాస్థానంలో పెడుతున్నారు, ఒక్కరే, రెండు చేతులా ఎత్తి.

"అసలు ఎక్కలేదమ్మా," అన్నారు ఆవిడ. "నేనే నీకు అబద్ధం చెప్పాను."